వాహన ప్రమాద గాయాల ఫాలోఅప్ విజిట్‌ను కోడ్ చేయడం ఎలా?

"పేషెంట్ ఈ డాక్టర్ దగ్గరికి రావడం ఇదే మొదటిసారి కదా, మరి ఏడో అక్షరంగా 'ఎ' వేయాలా, 'డి' వేయాలా?" కొత్తగా ప్రొడక్షన్‌లోకి (అసలు చార్టుల పనిలోకి) వచ్చిన మెడికల్ కోడర్లు, అంటే డాక్టరు నోట్‌ను బిల్లింగ్ కోడ్‌లుగా మార్చేవారు, వాహన ప్రమాదాల చార్టులు చేతికి రాగానే గాయపు కోడ్ చివరి అక్షరం గురించి అడిగే ప్రశ్న ఇది. దీని జవాబు విజిట్ల లెక్కలో దొరకదు. ఆ రోజు డాక్టరు గాయానికి చేసింది చికిత్సా, లేక మానుతున్న గాయాన్ని గమనించడమా అన్నదే నిర్ణయిస్తుంది. ఈ ఒక్క విషయం స్థిరపడితే మిగిలిన అడుగులు చాలావరకు వాటంతటవే సర్దుకుంటాయి. అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి అమలులో ఉన్న ఐసీడీ-10-సీఎం అనే జబ్బులు, గాయాల నిర్ధారణ కోడ్‌లను, అవుట్‌పేషెంట్ (ఆసుపత్రిలో చేరకుండా జరిగే) విజిట్లను దృష్టిలో పెట్టుకుని ఈ పద్ధతిని వివరిస్తున్నాను.

దగ్గర ఉంచుకోవలసినవి

ఆ రోజు విజిట్ నోట్ ఒక్కటే సరిపోదు. ప్రమాదం జరిగిన రోజు ఎమర్జెన్సీ రిపోర్టు, ఆ తర్వాతి ఎక్స్‌రే లేదా స్కాన్ రిపోర్టులు, ఆపరేషన్ జరిగి ఉంటే దాని తేదీ, చేసిన సర్జన్ ఏ డాక్టర్ల గ్రూపుకు చెందినవారన్న సమాచారం కావాలి. వీటితోపాటు విజిట్ తేదీన అమలులో ఉన్న ఐసీడీ-10-సీఎం ట్యాబులర్ లిస్ట్ (కోడ్‌ల వరుస జాబితా), అధికారిక గైడ్‌లైన్స్, సీపీటీ (డాక్టరు చేసిన సేవలకు ఇచ్చే కోడ్‌ల) పుస్తకం ఉండాలి. కోడ్‌సెట్ ప్రతి సంవత్సరం అక్టోబరు 1న మారుతుంది, కొన్ని మార్పులు ఏప్రిల్ 1న కూడా వస్తాయి. క్లెయిమ్ (బీమా సంస్థకు పంపే బిల్లు) పంపే తేదీని బట్టి కాకుండా, పేషెంట్‌ను చూసిన తేదీని బట్టి ఏ సంవత్సరపు కోడ్‌లు వాడాలో నిర్ణయించుకోండి.

అడుగులు

1. ముందుగా గాయాల పట్టిక వేసుకోండి.

ఎమర్జెన్సీ రిపోర్టులో ఉన్న ప్రతి గాయాన్నీ ఒక పక్క రాసి, దానికి ఎదురుగా ఈ రోజు నోట్‌లో డాక్టరు దాని గురించి ఏమన్నారో రాయండి. ఈ రోజు పరీక్షించని, చికిత్స చేయని, ప్రస్తావించని గాయానికి ఈ రోజు కోడ్ ఉండదు. పాత విజిట్‌లోని కోడ్‌లన్నిటినీ దించేసి చివర 'ఎ' స్థానంలో 'డి' పెట్టేయడం చాలామందికి అలవాటు. నెల రోజుల్లో మానిపోయిన గీరుడు గాయం ఆరు నెలల తర్వాత కూడా క్లెయిమ్‌లో కనిపించడానికి కారణం ఈ అలవాటే.

2. ఒక్కొక్క గాయానికి విడిగా ఏడో అక్షరాన్ని నిర్ణయించండి.

'ఎ' అంటే క్రియాశీల చికిత్స జరుగుతున్న దశ. 'డి' అంటే ఆ చికిత్స ముగిసి, గాయం మానే లేదా కోలుకునే దశలో జరిగే సాధారణ సంరక్షణ. 'ఎస్' అంటే గాయం మిగిల్చిన పర్యవసానం, అంటే సీక్వెలా. పేరులో 'ఇనిషియల్ ఎన్‌కౌంటర్' అని ఉండడం వల్ల 'ఎ' మొదటి విజిట్‌కు మాత్రమే చెల్లుతుందని అనుకోవడం పొరపాటు.

ఒక ఉదాహరణ చూడండి. ప్రమాదం జరిగిన రాత్రి ఎమర్జెన్సీలో విరిగిన మణికట్టుకు స్ప్లింట్ వేసి, ఆర్థోపెడిక్ డాక్టరును కలవమని పంపారు. నాలుగు రోజులకు ఆర్థోపెడిక్ డాక్టరు పరీక్షించి ఆపరేషన్ నిర్ణయించారు, ఆ వారంలోనే ఆపరేషన్ చేశారు. ఎమర్జెన్సీ విజిట్, ఆర్థోపెడిక్ విజిట్, ఆపరేషన్ మూడూ 'ఎ' కిందికే వస్తాయి. ఆపరేషన్ అయ్యాక కట్టు మార్చడానికి, ఎముక అతుకుతోందో లేదో ఎక్స్‌రేలో చూడడానికి, అమర్చిన పిన్ను తీయడానికి వచ్చిన విజిట్లు 'డి' కిందికి వస్తాయి. ఈ 'డి' విజిట్లలో ఒకటి పేషెంట్ ఊరు మారి, వేరే డాక్టరును మొట్టమొదటిసారి కలిసినది అయినా అది 'డి'యే. గైడ్‌లైన్స్ ప్రకారం అదే డాక్టరు గానీ వేరొక డాక్టరు గానీ చేసే మూల్యాంకనం, కొనసాగించే చికిత్స కూడా 'ఎ' కిందికి రావచ్చు కాబట్టి, డాక్టరు మారారా లేదా అన్నదాన్ని ఈ నిర్ణయంలోకి అసలు రానివ్వకండి.

మెడ, నడుము బెణుకుల దగ్గర ఈ గీత కొంచెం మసకగా ఉంటుంది. నాకు ఉపయోగపడే పరీక్ష ఇది: నోట్‌లోని ప్లాన్ భాగాన్ని మాత్రమే చదవండి. కొత్తగా చికిత్సా పథకం మొదలవుతుంటే, లేదా పనిచేయని పథకాన్ని పక్కనపెట్టి గాయానికే మరో చికిత్స మొదలుపెడుతుంటే 'ఎ'వైపు మొగ్గు ఉంటుంది. నొప్పి తగ్గుతోంది, అవే వ్యాయామాలు కొనసాగించాలి, మందు మోతాదు తగ్గించాలి అన్న ధోరణిలో ఉంటే 'డి' వేయాలి. రెండు అర్థాలూ వచ్చేలా ఉంటే ఊహించకుండా డాక్టరుకు క్వెరీ (వివరణ కోరే ప్రశ్న) పంపండి.

హెచ్చరిక: ఒకే విజిట్‌లో రెండు గాయాలకు రెండు వేర్వేరు ఏడో అక్షరాలు రావచ్చు. మానుతున్న పక్కటెముకకు 'డి', అదే రోజు ఆపరేషన్‌కు నిర్ణయించిన మోకాలి లిగమెంటుకు 'ఎ' రావడంలో తప్పేమీ లేదు.

3. ఎముక విరిగినదైతే మానుతున్న తీరును వెతకండి.

ఫ్రాక్చర్లలో 'డి' ఒక్కటే చాలదు. మూసుకుని ఉన్న (క్లోజ్డ్, పైన చర్మం చీలని) ఫ్రాక్చర్ మామూలుగా మానుతుంటే 'డి', ఆలస్యంగా మానుతుంటే 'జి', అతుక్కోకపోతే 'కె', వంకరగా అతుక్కుంటే 'పి' వేస్తారు. ముంజేయి, తొడ, కాలి పొడవాటి ఎముకల ఓపెన్ (చర్మం చీలిన) ఫ్రాక్చర్లకు వేరే అక్షరాలు ఉంటాయి కాబట్టి, ట్యాబులర్ లిస్ట్‌లో ఆ కేటగిరీ మొదట్లో ఉన్న పెట్టెను ప్రతిసారీ చూడండి, జ్ఞాపకం మీద ఆధారపడకండి. ఓపెన్ అని గానీ క్లోజ్డ్ అని గానీ డాక్టరు రాయకపోతే క్లోజ్డ్‌గా, విరిగిన ఎముక స్థానం తప్పిందో లేదో రాయకపోతే తప్పినట్టుగా కోడ్ చేయాలి.

ఎముక అతుక్కోలేదు కాబట్టి మళ్లీ చికిత్స మొదలైంది, అందుకని 'ఎ' వేద్దామని కొందరు అంటారు. అది సరికాదు. అతుక్కోకపోవడం, వంకరగా అతుక్కోవడం వంటి చిక్కులకు చేసే సంరక్షణకు వాటి కోసమే పెట్టిన అక్షరాలు వాడాలి. ప్రమాదం తర్వాత ఆలస్యంగా, ఇప్పుడే మొదటిసారి వైద్యానికి వచ్చిన పేషెంట్‌కు మాత్రం 'ఎ' వర్తిస్తుంది.

4. కోడ్‌ను పూర్తి పొడవుకు నింపండి.

ఏడో అక్షరం ఏడో స్థానంలోనే ఉండాలి, మధ్యలోని ఖాళీ స్థానాలను 'ఎక్స్'తో నింపాలి. మెడ లిగమెంట్ల బెణుకు ఎస్13.4 కాబట్టి ఫాలోఅప్‌లో అది ఎస్13.4ఎక్స్ఎక్స్‌డి అవుతుంది; ఎస్13.4డి అని రాస్తే చెల్లదు. నడుము కింది భాగపు కండరం పట్టేసినప్పుడు వాడే ఎస్39.012 కోడ్‌కు ఆరు స్థానాలు నిండే ఉన్నాయి కాబట్టి నేరుగా ఎస్39.012డి వస్తుంది.

5. లక్షణాలు, అనుమానాలు, జెడ్ కోడ్‌లను వడకట్టండి.

మెడ బెణుకు నిర్ధారణ అయ్యాక మెడనొప్పికి ఎం54.2ను అదనంగా చేర్చవద్దు, ఆ నొప్పి బెణుకులో అంతర్భాగం. 'అనుమానం', 'బహుశా', 'కాదో చూడాలి' అని డాక్టరు రాసినవాటిని అవుట్‌పేషెంట్‌లో నిర్ధారణలుగా కోడ్ చేయకూడదు; అప్పుడు లక్షణాన్నే కోడ్ చేయాలి. ఆ లక్షణం నడుమునొప్పి అయితే పాత ఎం54.5 కోడ్ 2021 అక్టోబరు 1 నుంచి ఎం54.50, ఎం54.51, ఎం54.59గా విడిపోయిందని గుర్తుంచుకోండి.

ఇక జెడ్ కోడ్‌లు, అంటే జబ్బునో గాయాన్నో కాకుండా విజిట్‌కు కారణాన్ని తెలిపేవి. ఫాలోఅప్ అన్న మాట కనిపించగానే జెడ్09 వైపు, కుట్లు తీశారనగానే జెడ్48.02 వైపు చేయి వెళ్తుంది. గాయాల విషయంలో ఈ రెండూ సాధారణంగా తప్పే. గాయానికి చేసే ఆఫ్టర్‌కేర్‌ను (మానే దశలోని సంరక్షణను) జెడ్ కోడ్‌తో కాకుండా, అసలు గాయపు కోడ్‌కు 'డి' చేర్చి చూపాలి. కుట్లు తీయడానికి వచ్చిన విజిట్‌కు కూడా కోసుకున్న గాయపు కోడే, 'డి'తో, మొదటి స్థానంలో వస్తుంది. చికిత్స అంతా పూర్తయి, గాయం మానిపోయాక పర్యవేక్షణ కోసం మాత్రమే పిలిపించిన విజిట్‌కు జెడ్09, దానితో పాత గాయాన్ని తెలిపే జెడ్87.81 లేదా జెడ్87.828 ఆలోచించవచ్చు. జెడ్04.1 ప్రమాదం తర్వాత పరీక్షించి ఏ గాయమూ లేదని తేల్చిన విజిట్ కోసం ఉద్దేశించినది. గాయం ఉన్న చార్టులో దానికి చోటు లేదు.

తలదెబ్బ చార్టుల్లో మరో చిక్కు ఉంది. డాక్టరు 'పోస్ట్ కంకషనల్ సిండ్రోమ్' అని నిర్ధారిస్తే కోడ్ ఎఫ్07.81 అవుతుంది. దాని కింద ప్రస్తుత కంకషన్‌కు (దెబ్బతో మెదడు అదరడానికి) ఎక్స్‌క్లూడ్స్1 నోట్, అంటే రెండూ కలిపి వాడవద్దన్న సూచన, ఉంది కాబట్టి ఎస్06.0ఎక్స్0డి వంటి కోడ్‌ను దానితో కలిపి వాడకూడదు. దెబ్బవల్ల వచ్చిన తలనొప్పిని డాక్టరు పేర్కొంటే జి44.3 కింద ఉన్న సరైన కోడ్‌ను అదనంగా చేర్చాలి.

6. ప్రమాదపు తీరును తెలిపే వి కోడ్ ఎంచుకోండి.

నాలుగు ప్రశ్నలకు జవాబు కావాలి. పేషెంట్ ఏ వాహనంలో ఉన్నారు? నడుపుతున్నారా, ప్రయాణిస్తున్నారా? దేన్ని ఢీకొన్నారు? రోడ్డు మీద జరిగిందా, పార్కింగ్ స్థలం వంటి చోటనా? వేరే చోటని రాసి ఉంటే తప్ప రోడ్డు మీద జరిగినట్టే భావించాలి. కారు నడుపుతున్నవారు మరో మామూలు కారును రోడ్డుపై ఢీకొంటే వి43.52, ఎదుటిది ఎస్‌యూవీ అయితే వి43.51, పికప్ ట్రక్కు అయితే వి43.53, వ్యాన్ అయితే వి43.54. గాయపడినది కారులోని ప్రయాణికుడైతే, ఢీకొన్నది మామూలు కారైతే వి43.62. వివరాలేవీ దొరకనప్పుడు వి89.2 ఉంది. అయితే ఎమర్జెన్సీ రిపోర్టులో వివరం ఉండగా, దాన్ని తెరిచి చూడకుండా ఈ కోడ్ వాడడం బద్ధకమే. మోటార్‌సైకిల్ కేసులు చేసేవారు మరొకటి గమనించాలి: 2022 అక్టోబరు నుంచి ఈ కేటగిరీల్లో ఎలక్ట్రిక్ సైకిల్‌కూ ఇతర మోటార్‌సైకిళ్లకూ విడివిడి కోడ్‌లు వచ్చాయి కాబట్టి పాత చీట్‌షీట్లలోని కోడ్‌లు ఎడిట్లో (సాఫ్ట్‌వేర్ తనిఖీలో) ఆగిపోతాయి.

వి కోడ్ ఏడో అక్షరం ఆ రోజు గాయపు కోడ్‌కు ఇచ్చిన అక్షరంతో సరిపోలాలి. గాయం ఎస్13.4ఎక్స్ఎక్స్‌డి అయితే ప్రమాదం వి43.52ఎక్స్‌డి. ఫ్రాక్చర్‌కు 'జి', 'కె', 'పి' వచ్చినా వి కోడ్‌లో ఆ అక్షరాలు ఉండవు, అక్కడ 'డి'యే వస్తుంది. వి కోడ్‌ను మొదటి స్థానంలో ఎన్నడూ పెట్టకండి.

స్థలాన్ని తెలిపే వై92, ఆ సమయంలో చేస్తున్న పనిని తెలిపే వై93, అప్పుడు పేషెంట్ ఉద్యోగపు పనిలో ఉన్నారా లేదా అన్న స్థితిని తెలిపే వై99 కోడ్‌లను సాధారణంగా ఒక్కసారే, చికిత్స మొదలైన విజిట్‌లోనే వాడాలి. ఫాలోఅప్‌లో అవి ఉండకూడదు. వి కోడ్‌లు పంపడం దేశమంతటా తప్పనిసరి కాదు. రాష్ట్రపు నిబంధనో పేయర్ (డబ్బు చెల్లించే బీమా సంస్థ) నిబంధనో ఉన్నప్పుడు తప్పనిసరి అవుతాయి. అయినా వాహన బీమాకు వెళ్లే క్లెయిమ్‌లో వాటిని వదిలేస్తే గాయానికీ ప్రమాదానికీ సంబంధం చూపించమని ప్రశ్న తిరిగి వస్తుంది కాబట్టి, మీ క్లయింటు వద్దని చెబితే తప్ప పెట్టడమే మేలని నా అభిప్రాయం.

7. గాయం పోయి బాధ మిగిలితే సీక్వెలాగా కోడ్ చేయండి.

సీక్వెలాకు కాలపరిమితి లేదు. ఆరు నెలలు దాటాయి కాబట్టి 'ఎస్' అనే లెక్క ఎక్కడా లేదు. గాయపు తొలి దశ ముగిసి, దాని వల్ల వేరే సమస్య మిగిలిందని డాక్టరు రాయాలి. మిగిలిన సమస్య కోడ్ ముందు, అసలు గాయపు కోడ్ 'ఎస్'తో తర్వాత వస్తుంది. నుదుటి మీద కోసుకున్న గాయం మచ్చగా మిగిలి, ఆ మచ్చ కోసమే పేషెంట్ వస్తే ఎల్90.5, ఎస్01.81ఎక్స్ఎస్, వి43.52ఎక్స్ఎస్ అన్న వరుస వస్తుంది. గాయపు కోడ్ 'ఎస్'తో ఒంటరిగా మొదటి స్థానంలో ఉంటే, మిగిలిన సమస్య ఏదో చెప్పనట్టే.

8. విజిట్‌కు సీపీటీ కోడ్ ఇవ్వండి.

ఇక్కడ కొత్త, పాత అన్న మాటలకు అర్థం పూర్తిగా వేరు. అదే డాక్టరు గానీ, అదే గ్రూపులోని అదే స్పెషాలిటీ డాక్టరు గానీ గత మూడేళ్లలో పేషెంట్‌ను చూడకపోతే కొత్త పేషెంట్, కోడ్‌లు 99202 నుంచి 99205. చూసి ఉంటే పాత పేషెంట్, కోడ్‌లు 99211 నుంచి 99215. 2021 నుంచి ఈ ఆఫీసు విజిట్ల స్థాయిని వైద్య నిర్ణయాల క్లిష్టతను బట్టి గానీ, ఆ రోజు వెచ్చించిన మొత్తం సమయాన్ని బట్టి గానీ ఎంచుకుంటారు. 99211కు మాత్రం ఈ కొలతలు వర్తించవు. కాబట్టి కొత్త పేషెంట్ కోడ్, 'డి' ఉన్న గాయపు కోడ్ ఒకే క్లెయిమ్‌లో కలిసి రావడం సహజమే. ఆడిటర్ దాన్ని తప్పుపడితే గైడ్‌లైన్ చూపించండి.

ఫీజు రాసేముందు గ్లోబల్ పీరియడ్, అంటే మామూలు ఫాలోఅప్ కూడా ప్రొసీజర్ ఫీజులోనే కలిసిపోయే గడువు, చూడండి. మెడికేర్ (అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా) లెక్కలో పెద్ద ఆపరేషన్లకు ముందురోజు, ఆపరేషన్ రోజు, తర్వాతి 90 రోజులు కలిపి 92 రోజులు. ఆపరేషన్ లేకుండా కట్టు వేసే ఫ్రాక్చర్ కేర్ కోడ్‌లలో చాలావాటికి కూడా 90 రోజులే వర్తిస్తాయి. ఉదాహరణకు మణికట్టు దగ్గర రేడియస్ ఎముక విరుపుకు 25600. ఆ కోడ్ బిల్ చేసిన డాక్టరు దగ్గరికి అదే ఫ్రాక్చర్ కోసం వచ్చే మామూలు ఫాలోఅప్ 99024గా నమోదవుతుంది, దానికి విడిగా డబ్బు రాదు. ఇదే గడువులో అదే సర్జన్ మణికట్టుతో సంబంధం లేని మెడ బెణుకును పరీక్షించి చికిత్స చేస్తే, ఆ ఈ/ఎం కోడ్‌కు (పైన చెప్పిన విజిట్ కోడ్‌కు) మోడిఫయర్ 24 అనే అదనపు సంకేతం చేర్చవచ్చు. రెండు గాయాలూ ఒకే ప్రమాదంలో తగిలాయి కాబట్టి సంబంధం ఉందని వాదించేవారు ఉన్నారు. చూడవలసింది చేసిన ప్రొసీజర్‌తో సంబంధం ఉందా అన్నది. అయితే నోట్‌లో మెడ పరీక్ష, మెడ ప్లాన్ విడిగా కనిపించాలి, ఈ/ఎం పక్కన మెడ డయాగ్నోసిస్ ఉండాలి.

9. క్లెయిమ్‌లో ప్రమాదం వివరాలు నింపండి.

సీఎంఎస్-1500 అనే క్లెయిమ్ ఫారంలో 10బి గడిలో వాహన ప్రమాదానికి 'అవును' గుర్తు, పక్కనే ప్రమాదం జరిగిన రాష్ట్రపు సంకేతం ఉండాలి. క్లినిక్ ఉన్న రాష్ట్రం కాదు, ప్రమాదం జరిగిన రాష్ట్రం. ప్రమాదం తేదీ అన్ని విజిట్ల క్లెయిముల్లోనూ ఒకటే ఉండాలి. వాహన బీమా క్లెయిమ్ నంబరు 11బి గడిలో వై4 క్వాలిఫయర్‌తో (ఆ నంబరు దేనిదో చెప్పే సంకేతంతో) వస్తుంది. ఎలక్ట్రానిక్ 837పి క్లెయిమ్‌లో ప్రమాదపు సూచిక ఏఏ, ప్రమాదం తేదీకి క్వాలిఫయర్ 439. 21వ గడిలో పన్నెండు డయాగ్నోసిస్‌లు పట్టినా, ఒక్కొక్క సర్వీస్ లైనుకు నాలుగింటినే చూపగలరు కాబట్టి ఏ సర్వీసు ఏ గాయానికి చేశారో ఆలోచించి పాయింటర్ ఇవ్వండి.

హెచ్చరిక: వాహన బీమా పరిమితి అయిపోయాక ఆరోగ్య బీమాకు పంపేటప్పుడు, డినయల్ (తిరస్కరణ) రాకుండా ఉంటుందని 10బిలో 'కాదు' పెట్టడం, వి కోడ్ తీసేయడం ఎవరు చెప్పినా చేయకండి. అది వాస్తవాన్ని దాచడమే అవుతుంది. సరైన మార్గం, పరిమితి అయిపోయినట్టు వాహన బీమా సంస్థ ఇచ్చిన పత్రాన్ని జతచేయడం. చెల్లించేవారు మారినంత మాత్రాన గాయం కోడ్ మారదు.

ఒక చార్టును ఇలా చూడండి

పేషెంట్ కారు నడుపుతూ సిగ్నల్ దగ్గర ఆగి ఉండగా వెనకనుంచి మరో కారు ఢీకొట్టింది. ఎమర్జెన్సీలో ఎడమవైపు రెండు పక్కటెముకల విరుపు, మెడ బెణుకు, సీటు బెల్టు ఒరుసుకుని ఎడమ ఛాతీ మీద కమిలిన గాయం గుర్తించారు. మూడు వారాల తర్వాత ఒక ఫ్యామిలీ డాక్టరును మొదటిసారి కలిశారు. నోట్‌లో ఇలా ఉంది: పక్కటెముకలు ఎక్స్‌రేలో సక్రమంగా అతుకుతున్నాయి, మెడనొప్పి సగానికి తగ్గింది, వ్యాయామాలు కొనసాగించాలి, కండరాల మందు రాత్రి మాత్రమే వేసుకోవాలి, ఛాతీ మీద కమిలిన చోటు మామూలుగా ఉంది.

మొదట ఎస్22.42ఎక్స్‌డి, తర్వాత ఎస్13.4ఎక్స్ఎక్స్‌డి, చివర వి43.52ఎక్స్‌డి. కమిలిన గాయానికి కోడ్ రాదు. అది మానిపోయింది, పైగా అదే చోట అంతకంటే తీవ్రమైన గాయం ఉన్నప్పుడు పైపై గాయాన్ని ఎలాగూ విడిగా చూపరు. మెడనొప్పికి ఎం54.2 రాదు. వై92 రాదు. ఈ డాక్టరు పేషెంట్‌ను ఇంతకుముందు చూడలేదు కాబట్టి ఈ/ఎం 99202 నుంచి 99205 వరుసలో వస్తుంది. నోట్‌లో మెడను ముందు రాసి, విజిట్‌కు ముఖ్య కారణం అదేనని తెలిసి ఉంటే మొదటి రెండు కోడ్‌ల వరుస తారుమారయ్యేది.

పంపేముందు సరిచూసుకోవడం

నోట్ మూసేసి కోడ్‌లను మాత్రమే చూస్తూ పేషెంట్ కథను ఒక వాక్యంగా చెప్పుకోండి: "కారు నడుపుతూ మరో కారుతో ఢీకొన్న పేషెంట్ ఎడమ పక్కటెముకలు మామూలుగా అతుకుతున్నాయి, మెడ బెణుకు కోలుకుంటోంది." ఇప్పుడు నోట్ తెరవండి. వాక్యంలో లేనిది నోట్‌లో ఉన్నా, నోట్‌లో లేనిది వాక్యంలో ఉన్నా కోడ్ తప్పింది. ఆ తర్వాత పాత క్లెయిమ్‌తో పోల్చి నాలుగు చూడండి: కుడి ఎడమలు మారాయా, డ్రైవరు కాస్తా ప్రయాణికుడయ్యారా, ప్రమాదం తేదీ ఒకటేనా, 'డి'లోకి వెళ్లిన గాయం కారణం లేకుండా తిరిగి 'ఎ'లోకి వచ్చిందా. కొత్త ఆపరేషన్ వంటి చికిత్స జరిగి ఉంటే 'ఎ' తిరిగి రావడం సబబే, ఏమీ జరగకపోతే అది కోడర్లు మారడం వల్ల వచ్చిన తేడా.

సందేహం తీరకపోతే క్వెరీ రాయండి, కానీ జవాబును డాక్టరు నోట పెట్టకండి. "ఇది ఆలస్యంగా మానడమే కదా?" అని అడగకూడదు. "ఎక్స్‌రే రిపోర్టులో పన్నెండు వారాలకు ఎముక అతుకుదల స్వల్పమని ఉంది. మీ నోట్‌లో మానుతున్న తీరు పేర్కొనలేదు. ప్రస్తుత స్థితి సాధారణంగా మానడమా, ఆలస్యంగా మానడమా, అతుక్కోకపోవడమా, మరేదైనానా, నిర్ధారించలేనిదా, దయచేసి నమోదు చేయగలరు" అని రాస్తే చాలు. జవాబు వచ్చేవరకు ఆ చార్టును హోల్డ్‌లో పెట్టండి.